చీపురుకీ తూముకీ మధ్య అడయారు

మే నెల సెలవులకి గూడూరు నుంచి మా మేనల్లుడొచ్చాడు. ఆరో తరగతి అయిపోయింది. ఓ సాయంత్రం వాణ్ని చెన్నైలోని పట్టినపాక్కం తీసుకెళ్లి, శ్రీనివాసపురం దాటించి, అడయారు నది సముద్రంలో కలిసే చోటు చూపిస్తానని ఇసుకలో దక్షిణంగా నడిపించాను. తీరా వెళ్లేసరికి అక్కడ కలవడమేమీ లేదు. ఎడమ పక్క సముద్రం ఎగిసిపడుతోంది. కుడి పక్క నది ముదురాకుపచ్చ రంగులో కదలకుండా పడుంది. మధ్యన ఇసుక గట్టు, దాని మీద రెండు కుక్కలు నిద్రపోతున్నాయి.

“మామా, నదులన్నీ సముద్రంలో కలుస్తాయని మా టీచరు చెప్పిందే! ఇదేంది, ఇక్కడే ఆగిపోయింది?”

టీచరమ్మని తప్పుపట్టను. మన పాఠ్యపుస్తకాల్లో నది అంటే కొండ మీద మొదలై సముద్రాన్ని తాకేదాకా తెగని నీలి గీత. ఆ బొమ్మ వేసినాయన గోదావరిని చూసి వేసుంటాడు. చెంబరంబాక్కం లాంటి చెరువుల మిగులు నీళ్లతో బతికే చెన్నై నదులకి అది నప్పదు. అడయారు పొడవు 40 కిలోమీటర్ల పైచిలుకు, అంతే. నగరంలో రెండో నది కూవం ఇంకా పొడుగు. ఈశాన్య రుతుపవనాల రెండు మూడు నెలలు తప్ప వీటిలో సొంత నీళ్లు పెద్దగా పారవు. అలాంటి నదికి మొగ, అంటే సముద్రంలోకి తెరుచుకునే నోరు, ఏడాదంతా తెరిచి ఉండాలని ఎక్కడా రాసి లేదు. వేసవిలో మూసుకోవడం దాని పుట్టు స్వభావం.

ఎందుకు మూసుకుంటుందో చెప్పడానికి ఆ రోజు మాకో నారింజ తొక్క సాయపడింది. వాణ్ని దాన్ని అల అంచులో వెయ్యమన్నాను. అల తొక్కని ఏటవాలుగా ఒడ్డు మీదికి తోసింది, వెనక్కి వచ్చేటప్పుడు మాత్రం నిటారుగా కిందికి లాక్కొచ్చింది. మళ్లీ ఏటవాలుగా పైకి, మళ్లీ నిటారుగా కిందికి. రంపపు పళ్లలాంటి దారిలో అది శాంథోమ్ వైపు, అంటే ఉత్తరానికి, జరుగుతూ పోయింది. మావాడు దాని వెంట చాలా దూరం పరిగెత్తాడు.

తొక్క బదులు ఇసుక రేణువు అనుకోండి. మా అమ్మ వాకిలి ఊడ్చేటప్పుడు చీపురు అడ్డంగా కాదు, ఓ మూలకి వాలుగా వేస్తుంది. ఒక్కో వేటుకి చెత్త జానెడే జరుగుతుంది. కానీ వంద వేట్లయ్యేసరికి వాకిట్లో చెత్తంతా ఆ మూలకి చేరుతుంది. అలలు చేసేదీ అదే ఊడ్పు. ఎనిమిది పది సెకన్లకో అల లెక్కన రోజుకి దాదాపు 10,000 వేట్లు. చెన్నై తీరంలో ఏడాదిలో ఎక్కువ నెలలు అలలు ఆగ్నేయ దిశ నుంచి వాలుగా వచ్చి తగులుతాయి కాబట్టి ఇసుక ఉత్తరానికి నడుస్తుంది. ఈశాన్య గాలులు తిరిగాక కొన్నాళ్లు దక్షిణానికి పోతుంది. రాకపోకల్లో ఒకదాన్లోంచి ఒకటి తీసేస్తే మిగిలే నడక ఉత్తరానికే, అదీ ఏటా లక్షల ఘనమీటర్లలో. అవతలి ఒడ్డున ఊరూరు కుప్పం జాలర్లు సముద్రంలో ఉత్తరానికి పోయే నీటిని తెండి అని, దక్షిణానికి పోయేదాన్ని వన్ని అని వేర్వేరు పేర్లతో పిలుస్తారు. వల ఎటు వెయ్యాలో దాన్నిబట్టి చూసుకుంటారు.

ఈ చీపురికి ఎవరైనా అడ్డం పడితే ఏమవుతుందో చూడాలంటే చెన్నై రేవు చాలు. 1870ల్లో సముద్రంలోకి రాతి గోడలు కట్టడం మొదలుపెట్టారు. 1881 తుఫానుకి చాలా భాగం కొట్టుకుపోతే మళ్లీ కట్టారు. ఉత్తరానికి నడుస్తున్న ఇసుక ఆ గోడ దగ్గర ఆగి, దక్షిణం పక్కన పోగుపడింది. సాయంత్రాలు సుండల్ తింటూ కూర్చునే మెరీనాకి ఇంత వెడల్పు అలా వచ్చిందే. రావలసిన ఇసుక రాక గోడకి ఉత్తరాన రాయపురం తీరం కోసుకుపోయింది. ఆ తీరమంతా ఇప్పుడు బండరాళ్లు కుమ్మరించి ఉంటుంది. ఇక కూవం మొగ ఎక్కడుందో చూడండి: నేపియర్ వంతెన కింద, సరిగ్గా రేవుకి దక్షిణాన. చీపురు చెత్తంతా తెచ్చి పోసే మూలలో! పాపం దానికి ఊపిరాడకపోవడంలో వింతేముంది?

చీపురు సంగతి అయింది, ఇక తూము. పాత ఇళ్లలో పెరటి గోడ కింద నీళ్లు పోవడానికి తూము ఉండేది. చెత్త కొట్టుకొచ్చి తూముకి అడ్డం పడుతుంటుంది. ఎప్పటికప్పుడు బిందెడు నీళ్లు గుమ్మరిస్తే తెరుచుకుంటుంది. చెంబుడు పోస్తే కదలదు. వేసవిలో నది దగ్గర నీళ్లుండవు కాబట్టి ఆ బిందె సముద్రమే పోయాలి. పోటుకి నీళ్లు మొగలోంచి లోపలికి ఎక్కి, పాటుకి బయటికి దిగుతాయి. పోటు ఎందుకొస్తుందన్న చంద్రుడి కథ అన్ని పుస్తకాల్లోనూ ఉంది, వదిలేస్తున్నాను. ఇక్కడ కావలసింది ఒక్కో పోటుకి లోపలికి ఎన్ని నీళ్లు ఎక్కుతాయన్నదే. లోపలి నీటి వైశాల్యాన్ని పోటుపాట్ల ఎత్తు తేడాతో గుణిస్తే ఆ లెక్క వస్తుంది. గుజరాత్‌లో భావ్‌నగర్ దగ్గర ఆ తేడా పది మీటర్లు దాటుతుంది. చెన్నైలో అమావాస్య, పౌర్ణములకి మీటరు. మధ్య రోజుల్లో 40 సెంటీమీటర్లు. మన బిందె చిన్నది.

లోపల ఒక చదరపు కిలోమీటరు నీళ్లున్నాయనుకుందాం. మీటరు పోటుకి 10 లక్షల ఘనమీటర్లు. మొగ అడ్డుకోత వైశాల్యం, అంటే దాని వెడల్పుని లోతుతో గుణిస్తే వచ్చేది, ఈ పోటు నీటి పరిమాణానికి అనులోమంగా ఉంటుందని అమెరికన్ ఇంజనీరు ఓబ్రయన్ 1931లో గమనించాడు. రాతి గోడలు లేని మొగలకి తర్వాత స్థిరపడిన సూత్రం ప్రకారం 10 లక్షల ఘనమీటర్ల నీరు సుమారు 65 చదరపు మీటర్ల మొగని తెరిచి ఉంచగలదు. రెండు మీటర్ల లోతైతే 32 మీటర్ల వెడల్పు. మధ్య రోజుల్లో ఆ 65 కాస్తా 26 అవుతుంది. పెర్ బ్రూన్ అనే తీర ఇంజనీరు ఇంకో కొలత పెట్టాడు. పోటు నీటి పరిమాణాన్ని ఏడాదిలో మొగ ముందు నడిచే ఇసుకతో భాగించమన్నాడు. 150 దాటితే మొగ నిలకడైనది, 20 లోపైతే నమ్మడానికి లేదు. ఇసుక 5 లక్షల ఘనమీటర్లు అనుకుంటే మనకి వచ్చేది 2. రెండంటే రెండే.

ఇక్కడ ఓ తిథి ముచ్చట. అష్టమి, నవమి నాడు మంచి పని మొదలుపెట్టకూడదని మా ఇంట్లో పట్టింపు. నాకా నమ్మకం లేదు. అయితే చంద్రుడూ సూర్యుడూ లంబకోణంలో లాగే రోజు అష్టమి. ఒకటి రెండు రోజుల ఆలస్యంతో పోటు అప్పుడే కనిష్ఠానికి వస్తుంది. మనుషుల సంగతేమో గానీ, అడయారు మొగకి మాత్రం అవి నిజంగానే నీరసపు రోజులు.

ఈ లెక్కలన్నీ వెయ్యడంలో నా అసలు ఉద్దేశం ఒకటుంది. మొగ పూడిపోతోందంటే అందరూ మొగ దగ్గరే చూస్తారు. యంత్రాలు తెచ్చి ఇసుక తోడతారు, కొన్నాళ్లకి చీపురు మళ్లీ తెచ్చి పోస్తుంది. కానీ బిందె ఉన్నది లోపల! నదికి ఇరుపక్కలా పోటుకి మునిగి పాటుకి తేలే బురద నేలల్లో ఒక ఎకరం పూడ్చి మెరక చేశారనుకోండి. మీటరు పోటుకి 4,000 ఘనమీటర్ల దాకా నీళ్లు ఎక్కే చోటు పోయినట్టే. చెన్నైవాళ్లకి అర్థమయ్యే కొలతలో చెప్పాలంటే, వీధిలోకొచ్చే 10,000 లీటర్ల లారీలు 400. ఒక్క ఎకరానికి, ఒక్కో పోటుకి. కిలోమీటరు లోపల మట్టి పోసినవాడు మొగ దగ్గర గుప్పెడు ఇసుక వెయ్యకపోయినా మొగ మూసినవాడే. ఎన్నూరులోనూ ఇదే వరస. నగరి దగ్గర మనం కుశస్థలి అనే నది తమిళంలో కొసస్థలై అయి అక్కడ సముద్రాన్ని చేరుతుంది. థర్మల్ కేంద్రాల బూడిద అక్కడి ఉప్పుకయ్యల్లో, అంటే పోటునీరు చేరే పాయల్లో, పేరుకుని లోతు తగ్గించింది. 2023 డిసెంబరులో మిచాంగ్ తుఫాను వరదతోపాటు చమురు కూడా వచ్చి పడింది.

మూసుకోవడం పుట్టు స్వభావమైతే కంపు ఎందుకని మావాడు ముక్కు మూసుకుని అడిగాడు. కంపులో సముద్రం వాటా ఉందంటే నమ్మలేదు. ఉంది. మురుగులోని కుళ్లును తినే సూక్ష్మజీవులు ముందు నీటిలోని ఆక్సిజన్‌ని వాడేస్తాయి. 30 డిగ్రీల దగ్గర లీటరు మంచినీటిలో ఉండేదే ఏడెనిమిది మిల్లీగ్రాములు. అదయ్యాక వేరే జాతి బ్యాక్టీరియా రంగంలోకి దిగి ఆక్సిజన్ బదులు సల్ఫేటుతో పని జరుపుకుంటుంది. సముద్రపు నీటిలో సల్ఫేటు లీటరుకి 2.7 గ్రాములుంటుంది, అంటే ఆక్సిజన్‌కి వందల రెట్లు. పోటుకి లోపలికొచ్చిన ఉప్పునీరు బరువుగా అడుగున చేరుతుంది. మొగ మూసుకుంటే అక్కడే చిక్కుబడుతుంది. పైన తేలికైన మురుగునీరు మూతలా పరుచుకుంటుంది. మూత కింద తయారయ్యేది హైడ్రోజన్ సల్ఫైడ్, కుళ్లిన గుడ్డు వాసన. బురదలోని ఇనుముతో కలిసి అది నల్లటి ఐరన్ సల్ఫైడ్ అవుతుంది. కూవం నలుపు చాలావరకు ఇదే. ఆ గాలి తగిలితే వెండి కూడా నల్లబడుతుంది. నది పక్క వీధిలో ఉండే మా పిన్ని తన కాళ్ల పట్టీలు నల్లబడినప్పుడల్లా దిష్టి తీయించుకుంటుంది. కాలవ గాలి పిన్నీ అని చెప్పి చూశాను. చింతపండుతో తోముకుంటూనే, “దిష్టి కూడా ఉంటుందిలే” అంది.

తొలి వానలు పడగానే ఆ నల్ల బురద ఒక్కసారి కెలకబడి, మిగిలిన ఆక్సిజన్‌ని కూడా మింగేస్తుంది. చేపలు తెల్లారేసరికి తెల్లటి పొట్టలు పైకి పెట్టి తేలతాయి. ఎవరో విషం కలిపారని పుకారు పుడుతుంది. విషం అక్కరలేదు.

అయినా ఈ నీళ్లు చచ్చిన నీళ్లు కావు. 1937లో మద్రాసు విశ్వవిద్యాలయ జంతుశాస్త్రవేత్తలు ఎన్.కె. పణిక్కర్, ఆర్. గోపాల అయ్యర్ మద్రాసు ఉప్పుకయ్యల జీవుల మీద పెద్ద వ్యాసమే ప్రచురించారు. పణిక్కర్ ఆ తర్వాత గోవాలోని జాతీయ సముద్రశాస్త్ర సంస్థకి తొలి డైరెక్టరయ్యాడు. మనం ఇష్టంగా తినే తెల్ల రొయ్య సముద్రంలో గుడ్లు పెడుతుంది. వెంట్రుకంత పిల్లలు పోటుతో మొగలోకొచ్చి, లోపలి బురదలో కొన్ని నెలలు మేసి బలిసి, మళ్లీ సముద్రానికి పోతాయి. మండపీతదీ ఇంచుమించు ఇదే ప్రయాణం: పెరిగేది కయ్యలో, గుడ్ల వేళకి తల్లి సముద్రానికి నడుస్తుంది. ఎవరికైనా దారి ఆ మొగే. తలుపు ఏ నెలలో తెరిచి ఉందన్నది వాటికి చావుబతుకుల సంగతి.

ఇక మావాడి ఊరి సంగతి. 1983లో కుదిరిన తెలుగుగంగ ఒప్పందం ప్రకారం కృష్ణ నీళ్లు కండలేరు జలాశయం నుంచి కాలవలో చెన్నైకి నీళ్లిచ్చే పూండి చెరువుకి వస్తాయి. మొదటిసారి తమిళనాడు సరిహద్దు దాటింది 1996లో. వీడి గూడూరుకి కండలేరు దగ్గరే. ఆ నీళ్లు చెన్నై కుళాయిల్లోకి వచ్చి, వంటిళ్లలోంచీ స్నానాల గదుల్లోంచీ దిగి, శుద్ధి కేంద్రం దాకా పోనివి కూవంలోనో అడయారులోనో పడతాయి. మద్రాసు మనదే అన్న గొడవ 1953లో తేలిపోయింది కానీ, ఈ మురుగులో మనకి హక్కున్న వాటా ఇప్పటికీ పారుతూనే ఉందని చెప్పాను. వాడికి జోకు అర్థం కాలేదు. కండలేరు పేరు మాత్రం పట్టుకున్నాడు.

సంక్రాంతి సెలవులకి మళ్లీ వచ్చాడు. వానలకి గట్టు తెగింది, మొగ తెరిచుంది, అలలు నదిలోకి దూసుకుపోతున్నాయి. కుక్కలు ఈసారి పడవ నీడలో పడుకున్నాయి. మావాడు జేబులోంచి నారింజ తొక్క తీశాడు, ఇంటి దగ్గరే దాచుకున్నాడట. వేస్తే అది దక్షిణానికి కదిలింది.

“ఉత్తరానికి పోద్దంటివే!”

ఈ నెలల్లో చీపురు చెయ్యి మారిందిరా అన్నాను. తొక్క మా కళ్ల ముందే జారుతూ మొగ దాకా వెళ్లి, ఒక్క క్షణం ఊగిసలాడి, పోటు నీళ్లతో నదిలోకి దూరింది. నది మీది తిరువీక వంతెన వైపు అది కనబడకుండా పోయేదాకా చూసి, వాడు అడిగాడు:

“మామా, ఇట్నే పోతే కండలేరు చేరతదా?”