బల్సా చెక్క ఎందుకంత తేలిక?

చిరంజీవులు కిట్టుకు, సౌమ్యకు తాతయ్య ఆశీస్సులు.

కిట్టూ, ఎన్‌సీసీలో గ్లైడరు, అంటే ఇంజను లేని బొమ్మ విమానం, చేయమని ఇచ్చిన పలక అరచేతిలో పెట్టుకుంటే బరువే తెలియడం లేదనీ, అది నిజంగా చెక్కేనా, థర్మాకోలుకు చెక్క రంగు పూశారా అనీ అడిగావు. చెక్కేరా. మామూలుగా ఆకులు తొడిగి, పూలు పూసి, కాయలు కాసే చెట్టు నుంచి కోసిన కలప. దాని పేరు బల్సా. సౌమ్య ఏమో చెట్టే అయితే మన దగ్గర ఎందుకు లేదని నిలదీసింది. ముందు దానికే జవాబు చెబుతాను.

బల్సా పుట్టిల్లు మెక్సికో దక్షిణ భాగం నుంచి బొలీవియా దాకా ఉన్న వేడి, తేమ అడవులు. లోకానికి అమ్ముడుపోయే బల్సాలో చాలా భాగం ఒక్క ఈక్వడార్ దేశం నుంచే వస్తుంది. అక్కడ గుయాస్ నది పరీవాహక ప్రాంతంలో, క్వెవెడో ఊరి చుట్టుపక్కల దీన్ని తోటలుగా పెంచుతారు. ఏడాదికి 1,500 మిల్లీమీటర్లకు తగ్గని వాన కావాలి, అయినా వేళ్ల దగ్గర నీరు నిలవకూడదు. మన అనంతపురంలో ఏడాదంతా కలిపి 550 మిల్లీమీటర్లు పడితే మంచి ఏడాది. ఇక బల్సా ఇక్కడ ఎలా బతుకుతుంది, చెప్పు తల్లీ?

కానీ దీని చుట్టం ఒకటి మనకూ ఉంది. బూరుగు చెట్టు. రెండూ ఒకే కుటుంబం. బూరుగు కాయ పగిలితే దూది ఎగిరినట్టే, బల్సా కాయ పగిలినా లోపల గోధుమరంగు నూగు ఉబ్బి బయటికి వస్తుంది. ఆ నూగులో చిట్టి చిట్టి గింజలు ఉంటాయి. అవి గాలికి కొట్టుకుపోయి ఎక్కడో పడి, ఏళ్ల తరబడి నేలలో కదలకుండా ఉంటాయి. పెద్ద చెట్టు కూలో, మంట లేచో నేలకు ఎండ తగిలిన రోజున మొలుస్తాయి. గింజ పెంకు గట్టిది కాబట్టి నర్సరీల్లో కాసేపు వేడినీళ్లలో ముంచి చల్లుతారు. అలా చేయకపోతే మొలకలు చాలా తక్కువ వస్తాయి. పూలు తెల్లగా, అరచేయంత పొడవుంటాయి. చీకటి పడే వేళకు విచ్చుకుంటాయి. గబ్బిలాలు, కింకజూ అనే చెట్టెక్కే చిన్న జంతువులు వచ్చి తేనె తాగి పోతాయి.

మొలిచిందంటే ఇక ఆగదు. అయిదేళ్లలో పదిహేను, ఇరవై మీటర్ల ఎత్తుకు పోతుంది. నాలుగు నుంచి ఆరేళ్ల లోపు నరకాలి. ఇంకా ముదరనిద్దాం, మాను లావెక్కుతుంది అనుకుంటే చెడిపోతుంది. ముదిరేకొద్దీ పైచెక్క బరువెక్కుతుంది, లోపలి భాగం ఎర్రబారి నీరు పట్టి కుళ్లుతుంది. టేకు ముదిరితే చేవ దేరుతుంది కదా, బల్సాకు అది వర్తించదు. ఇంకో సంగతి. చిన్నప్పుడు మాను మీద కత్తి గాటు పడినా చాలు, అక్కడి నుంచి మచ్చ లోపలికి పాకి ఆ దుంగ పనికిరాకుండా పోతుంది. అందుకే తోటలో కలుపు తీసే మనిషి మాను దగ్గరికి వచ్చేసరికి కొడవలి చాలా జాగ్రత్తగా ఆడించాలి.

ఇప్పుడు నీ అసలు ప్రశ్నకు వస్తాను కిట్టూ. ఎందుకంత తేలిక?

వంటింట్లోకి వెళ్లి ఒక గ్లాసు బియ్యం, అదే గ్లాసుతో బొరుగులు తీసుకుని రెండూ తూచు. రెండూ బియ్యమే. బొరుగులో కొత్త పదార్థం ఏదీ చేరలేదు, గింజ ఉబ్బి లోపల గాలి చేరింది, అంతే. కలప సంగతీ ఇదే. ఏ చెట్టు కలపనైనా లోపల ఖాళీ అనేదే లేకుండా అదిమితే ఘనమీటరుకు దాదాపు 1,500 కిలోలు తూగుతుంది. టేకైనా, తుమ్మైనా, బల్సా అయినా అంతే. తేడా అంతా ఖాళీలో ఉంది. కలప నిండా కంటికి కనిపించనంత సన్నని గొట్టాల్లాంటి కణాలు ఉంటాయి. టేకులో వాటి గోడలు మందం, అందుకని ఘనమీటరు 650 కిలోల చుట్టుపక్కల తూగుతుంది. బల్సాలో గోడలు పల్చన, కణాలు వెడల్పు. మామూలుగా దొరికే బల్సా 100 నుంచి 200 కిలోల మధ్య ఉంటుంది. మరీ తేలికైనది 40, మరీ బరువైనది 340 దాకా ఉంటుంది. ఘనమీటరుకు 150 కిలోలు తూగే బల్సా తీసుకుంటే అందులో పదోవంతే గట్టి పదార్థం, మిగతా తొమ్మిది వంతులూ గాలి.

బొరుగులు మొదట్లోనే బొరుగులు కావు కదా. బియ్యానికి ఉప్పునీళ్లు పట్టించి, కాగిన ఇసుకలో వేస్తేనే పొంగుతాయి. బల్సా కూడా చెట్టు మీద ఉన్నప్పుడు తేలిక కాదు. ఆ కణాల్లో నీళ్లుంటాయి. ఎండిన చెక్క బరువుకు రెండు మూడు రెట్లు, ఒక్కోసారి నాలుగు రెట్లు నీరే. అంత పల్చని గోడల చెట్టు గాలికి నిలబడటానికి ఆ నీటి బిగువు కూడా తోడ్పడుతుందని చెబుతారు. కొట్టిన దుంగను సామిల్లులో వెంటనే కోసి, వేడి గదుల్లో ఆరబెట్టాలి. కొన్ని రోజులు అలా వదిలేస్తే బూజు పట్టి నల్లమచ్చలు వస్తాయి, చెక్క మెత్తబడుతుంది. మరీ తొందరపడి వేడి పెంచినా ముప్పే. పైభాగం ముందు ఎండి బిగుసుకుని, లోపల తడి ఉండిపోయి చీలికలు పడతాయి. పొయ్యి మీద ఇసుక వేడి సరిపోక బొరుగులు పేలకపోవడం, ఎక్కువై మాడిపోవడం మీరు చూసే ఉంటారు. ఆ వేడి సరిగ్గా చూసుకోవడమే అక్కడా పనితనం.

బొరుగుల్ని నీళ్లలో వేసి పిండి ఉగ్గాణి చేస్తారు మీ అమ్మమ్మ. ఎండిన బల్సాకూ నీళ్లు తగిలితే తొందరగా పీల్చేసుకుంటుంది. వానాకాలంలో నీ పలకలు నేల మీద పెట్టకు. కానీ ఒకచోట ఈ పోలిక చెల్లదు. పలక మీద గోటితో నొక్కి చూడు, గుంట పడుతుంది. ఆ గుంటలో ఒక్క నీటిచుక్క వేసి వదిలేయ్. అణిగిన కణాలు నీరు తాగి మళ్లీ లేస్తాయి, ఆరేసరికి గుంట చాలావరకు పూడిపోతుంది. నలిగిన బొరుగు మాత్రం అలా లేవదు. ఎందుకు లేస్తుందో పది మాటల్లో చెప్పొచ్చు గానీ, ముందు నువ్వే చేసి చూడు.

తేలే చెక్క కాబట్టి ఈక్వడార్ తీరంలో వాళ్లు ఎన్నో తరాలుగా దీనితో తెప్పలు కట్టారు. 1526లో బార్తొలొమె రూయిజ్ అనే స్పెయిన్ నావికుడికి ఆ తీరంలో నూలు తెరచాప ఎత్తుకుని, సరుకు నింపుకుని పోతున్న పెద్ద బల్సా తెప్ప ఎదురైంది. తర్వాత 1947లో నార్వే వాడైన థోర్ హెయెర్డాల్ తొమ్మిది బల్సా దుంగలను నార మోకులతో కట్టి, కోన్-టికీ అని పేరు పెట్టి, పెరూలోని కయావో రేవు నుంచి ఏప్రిల్ 28న బయల్దేరాడు. మొత్తం ఆరుగురు మనుషులు, ఒక చిలక. దుంగలు నీరు పీల్చి సగం దారిలో మునిగిపోతాయని చాలామంది హెచ్చరించారు. 101 రోజుల తర్వాత, ఆగస్టు 7న, దాదాపు 6,900 కిలోమీటర్ల అవతల పసిఫిక్ సముద్రంలోని రరోయియా దీవి దగ్గర తెప్ప గట్టెక్కింది. మునగకపోవడానికి కారణం దుంగలు పచ్చివి కావడం. కణాల నిండా చెట్టు రసం ఉంది కాబట్టి సముద్రపు నీరు లోపలికి ఎక్కువ దూరం చొరబడలేకపోయింది. అదే బాగా ఎండిన దుంగలు వేసుంటే చుట్టుపక్కల నుంచి నీరు పీల్చుకుంటూ పోయేవి. ఎండబెట్టడం నీ గ్లైడరుకు ఎంత అవసరమో, ఆ తెప్పకు అంత చేటు. ఒకే చెక్క, పనిని బట్టి పద్ధతి మారింది. ఆ తెప్ప ఇప్పటికీ ఓస్లోలో మ్యూజియంలో ఉంది.

తేలికైతే బలం ఉండదని అనుకుంటారు. బల్సా ఒక్కదానికే పెద్ద బలం లేని మాట నిజమే. రెండు గట్టి పొరల మధ్య పెడితే మాత్రం కథ మారిపోతుంది. బరువు పడి వంగే పలకలో లాగుడు, నొక్కుడు ఎక్కువగా పైపొరకూ కిందిపొరకూ తగులుతాయి. మధ్యభాగం చేయాల్సిన పని ఆ రెండింటినీ ఎడంగా పట్టుకోవడమే. దానికి బరువైన చెక్క ఎందుకు? బ్రిటన్ వాళ్లు మస్కిటో అనే యుద్ధ విమానాన్ని ఇలాగే కట్టారు. అది మొదట ఎగిరింది 1940 నవంబరు 25న. దాని ఒడలు, అంటే రెక్కలూ తోకా అతికే మధ్య మొండెం, బర్చ్ అనే చెట్టు ప్లైవుడ్ పొరలు, వాటి మధ్య బల్సా. మొదట్లో విరిగిన పాల ముద్ద నుంచి తీసే కేసిన్ జిగురు వాడారు. వేడీ తేమా ఉన్నచోట అది నిలవక, తర్వాత ఫార్మాల్డిహైడ్ అనే రసాయనంతో చేసే జిగురుకు మారారు. 1944లో మన దేశంలో ఉన్న కొన్ని మస్కిటోల రెక్కల్లో అతుకులు వీడటంతో తనిఖీ కోసం వాటిని నేల మీదే ఆపేయాల్సి వచ్చింది. ఇలాంటి కట్టుబడిలో చెక్కకంటే ముందు అతుకే దెబ్బతింటుంది. నువ్వు జిగురు పూసేటప్పుడు ఇది గుర్తుంచుకో.

సౌమ్యా, మన కొండల మీద తిరిగే పెద్ద గాలిమరలు చూస్తుంటావు కదా, అలాంటి రెక్కల్లో చాలావాటి లోపల బల్సా ఉంటుంది. పైనా కిందా రెజిన్ అనే గట్టిపడే జిగురు పట్టించిన గాజునార, మధ్యలో బల్సా గానీ ప్లాస్టిక్ నురుగు గానీ. అక్కడ బల్సాను పలకలుగా పడుకోబెట్టరు. దుంగను అడ్డంగా ముక్కలు కోసి, చెక్కలోని నార, అంటే ఆ సన్నని గొట్టాలు సాగే దిశ, నిటారుగా నిలబడేలా అతికిస్తారు. నిలువు దిశలో నొక్కుడుకు అది బాగా ఓర్చుకుంటుంది.

దీనివల్లే ఒక అన్యాయమూ జరిగింది. 2019, 2020ల్లో గాలిమరలకు గిరాకీ ఒక్కసారిగా పెరిగి బల్సా ధర ఎగబాకింది. తోటల్లో ఉన్నది చాలక, ఈక్వడార్ అమెజాన్ అడవిలో నదుల ఒడ్డునా లంకల్లోనూ తనంతట తాను పెరిగిన బల్సాను, అక్కడి ఆదివాసుల నేలల్లోకి చొరబడి మరీ నరికారు. అయిదేళ్లలో చేతికొచ్చే చెట్టురా ఇది! నాటుకుని, వంతులవారీగా కోసుకుంటే అడవి జోలికే పోనక్కర్లేదు. తొందరగా పెరుగుతుంది కదా అని ఎక్కడ పడితే అక్కడ నరకడం తప్పు. శుభ్రమైన కరెంటు కోసం చేసినా అది తప్పే.

ఇక గ్లైడరు. మీ పలక 3 అంగుళాల వెడల్పు, 36 అంగుళాల పొడవు, అంగుళంలో పదహారో వంతు మందం ఉంటుంది. డిజిటల్ కాటా మీద తూచు. 11 గ్రాములుంటే ఘనమీటరుకు 100 కిలోల రకం, 17 గ్రాములుంటే 150 పైన. రెక్కకు 11 నుంచి 14 గ్రాముల పలక మంచిది. ఒడలుకు బరువైనది తీసుకో, నేలకు తగిలినప్పుడు దెబ్బ దానికే. తర్వాత పలకను వెడల్పు వైపు రెండంచులూ పట్టుకుని మెల్లగా వంచి చూడు. సులువుగా వంగితే గుండ్రంగా చుట్టాల్సిన చోటికి అది. బిర్రుగా ఉండి, పైన మెరిసే చిన్న చిన్న మచ్చలు కనిపిస్తే తోకకు వాడు. దాన్ని వంచాలని చూస్తే చీలుతుంది.

నార దిక్కు చూసుకోవడం అన్నిటికంటే ముఖ్యం. రెక్కలో నార ఈ కొన నుంచి ఆ కొనకు పోవాలి. అడ్డంగా కోశావంటే మొదటి విసురుకే మధ్యలో విరుగుతుంది. నిలువు తోకకు నార నిలువుగా, ఒడలుకు పొడుగునా ఉండాలి. కొత్త బ్లేడు వాడు. మొద్దు బ్లేడు చెక్కను కోయదు, నలుపుతుంది. ఒక్కసారే లోతుగా దించకుండా మూడు నాలుగు సార్లు తేలిగ్గా గీయి. బ్లేడు పట్టినప్పుడు నాన్నను పక్కన ఉండమను. అంచుల్ని సన్నని గరుకు కాగితంతో నున్నగా చేయి. జిగురు పల్చగా రెండు వైపులా రాసి అదిమి పట్టు. ఎక్కువైతే బలం పెరగదు, బరువు పెరుగుతుంది. పైగా తెల్లజిగురులో నీరుంటుంది, ఒకవైపే తడిస్తే రెక్క మెలి తిరుగుతుంది. అందుకని ఆరేదాకా చదునైన బల్ల మీద పుస్తకాల బరువు పెట్టు.

ఆరాక, రెక్క ముందంచు నుంచి వెడల్పులో మూడోవంతు దగ్గర రెండు వేళ్ల మీద నిలబెట్టి చూడు. తోక వైపు వాలితే ముక్కుకు కొంచెం క్లే ముద్ద అంటించు. గడ్డి ఉన్నచోట చేత్తో నెమ్మదిగా వదులు. పైకి లేచి ఆగిపోయి పడితే ముక్కుకు ఇంకొంచెం బరువు కావాలి, నేరుగా నేలకు దూసుకుపోతే కాస్త క్లే తీసేయాలి. ఒక్కోసారి చిటికెడే మార్చు.

మిగిలిన ముక్క సౌమ్యకివ్వు. తల్లీ, దాని కోసిన కొసను భూతద్దంతో చూడు. చిన్న చిన్న రంధ్రాలు కనిపిస్తాయి, అవి నీళ్లు ప్రయాణించిన దారులు. వాటి చుట్టూ ఉన్న అసలు కణాలు అంతకంటే ఎంతో చిన్నవి, వాటికి మీ బడి మైక్రోస్కోపు కావాలి. ఎండాకాలంలో బూరుగు కాయ పగిలినప్పుడు ఒకటి ఏరుకుని, దూదిలో గింజ ఎక్కడ పట్టుకుని ఉంటుందో విప్పి చూడు.

కిట్టూ, ముందు పలక తూచి ఎన్ని గ్రాములో రాయి. రెక్క ఎంత పొడవు కోయాలో అప్పుడు చెబుతాను.

ఇట్లు,
మీ తాతయ్య