ఇమాన్యుయేల్ సెల్లర్, 1965 వలస చట్టం: అపోహలు - వాస్తవాలు

అమెరికాలో ఇమ్మిగ్రేషన్ లాయరుగా నా దగ్గరికి వచ్చేవాళ్ళలో తెలుగువాళ్ళు చాలామంది. గ్రీన్‌కార్డు కోసం ఏళ్ళ తరబడి ఎదురుచూసి విసిగిపోయినవాళ్ళు ఎప్పుడో ఒకసారి అడిగే ప్రశ్న ఇది: "ఒక్కో దేశానికి ఏడాదికి ఇన్నే అనే ఈ నిబంధన అసలు ఎవరు పెట్టారండీ?" జవాబు చెప్పాలంటే న్యూయార్క్‌లోని బ్రూక్లిన్ నుంచి ఎన్నికైన ఒక కాంగ్రెస్ సభ్యుడి కథ చెప్పాలి. ఇమాన్యుయేల్ సెల్లర్ 1923 మార్చి నుంచి 1973 జనవరి వరకు, యాభై ఏళ్ళకు రెండు నెలలు తక్కువగా, ప్రతినిధుల సభలో ఉన్నారు. మనకు దారి తెరిచిన 1965 వలస చట్టం మీద ఆయన పేరుంది. మనల్ని వరుసలో నిలబెట్టిన మాట కూడా ఆ చట్టంలోనే ఉంది. ఆయన గురించి మనవాళ్ళు చెప్పుకునే మాటల్లో సగం నిజం కాదు. వాటిలో నేను తరచుగా వినేవి ఇక్కడ రాస్తున్నాను.

అపోహ: 1965కు ముందు భారతీయులు అమెరికా రాకపోవడానికి కారణం పేదరికం.

వాస్తవం: చేతిలో డబ్బున్నా తలుపు తెరుచుకునేది కాదు. 1917 నాటి చట్టం ఆసియాలో చాలా భాగాన్ని నిషేధిత ప్రాంతంగా ప్రకటించింది. విద్యార్థుల వంటి కొద్దిమందికే మినహాయింపు. 1923 ఫిబ్రవరి 19న భగత్ సింగ్ థింద్ కేసులో సుప్రీంకోర్టు, భారతీయులు చట్టం చెప్పే 'తెల్లవారు' కారని, కాబట్టి పౌరసత్వానికి అర్హులు కారని తీర్పు చెప్పింది. మరో రెండు వారాలకు, మార్చి 4న సెల్లర్ పదవీకాలం మొదలైంది. ఆ అక్టోబరులోనే భీమవరంలో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు బోస్టన్‌లో దిగారు.

ఈ మూడూ ఒకే ఏడాదిలో జరిగాయని గమనించిన రోజు నాకు చాలాసేపు మరో పని మీదకు మనసు పోలేదు. హార్వర్డ్‌లో, ఆ తర్వాత లెడర్లీ ప్రయోగశాలలో సుబ్బారావు చేసిన పని వైద్యాన్నే మార్చింది. ఫోలిక్ ఆమ్లం, ఆరియోమైసిన్ అనే యాంటీబయాటిక్ పరిశోధనలు ఆయన నాయకత్వంలోనే సాగాయి. అంతటి మనిషికి 23 ఏళ్ళపాటు పౌరసత్వం అడిగే అర్హతే లేదు. 1946లో అర్హత వచ్చింది. 1948లో కన్నుమూసేనాటికి కూడా ఆయన అమెరికా పౌరుడు కాలేదు.

అపోహ: 1946 చట్టం ఏడాదికి వంద మంది భారతీయులను రానిస్తూ వేసిన బిచ్చం, దానివల్ల ఒరిగిందేమీ లేదు.

వాస్తవం: వంద చిన్న సంఖ్యే, కాదనను. డెమొక్రాట్ సెల్లర్, రిపబ్లికన్ సభ్యురాలు క్లేర్ బూత్ లూస్ కలిసి నడిపిన ఆ బిల్లుపై అధ్యక్షుడు ట్రూమన్ 1946 జులై 2న సంతకం చేశారు. ఇండియా లీగ్ ఆఫ్ అమెరికా తరఫున జె.జె. సింగ్ దానికోసం కాళ్ళరిగేలా తిరిగారు. నేను చూడమనేది కోటాను కాదు, అందులోని రెండో భాగాన్ని. భారతీయులకు పౌరసత్వ హక్కు ఇచ్చింది అదే. కాలిఫోర్నియా రైతు దలీప్ సింగ్ సౌంద్ 1949లో పౌరుడయ్యారు, 1956లో అమెరికా కాంగ్రెస్‌కు ఎన్నికయ్యారు. ఓటు, పోటీ చేసే హక్కు, కుటుంబాన్ని తెచ్చుకునే హక్కు అన్నీ పౌరసత్వం వెంటే వస్తాయి.

అపోహ: 1965 చట్టం అధ్యక్షుడు కెనెడీ కన్న కల, తర్వాతి అధ్యక్షుడు జాన్సన్ దాన్ని నెరవేర్చారు.

వాస్తవం: ఇద్దరి పాత్రా పెద్దదే. కానీ సెల్లర్ ఈ పోరాటం మొదలుపెట్టింది 1924లో, సభకు కొత్తగా వచ్చినప్పుడు. ఆ ఏడాది వచ్చిన జాన్సన్-రీడ్ చట్టం (ఈ జాన్సన్ వేరే) 1890 జనాభా లెక్కలను ఆధారంగా తీసుకుని, ఒక్కొక్క దేశం నుంచి అప్పటికే వచ్చి ఉన్నవారిలో 2 శాతానికి సమానంగా కోటా ఇచ్చింది. అప్పటికే కొత్త లెక్కలు ఉండగా అంత పాతవి ఎందుకు? 1890 తర్వాతే ఇటలీ నుంచి, తూర్పు యూరప్ యూదుల నుంచి వలస పోటెత్తింది. పాత లెక్క పట్టుకుంటే వాళ్ళ కోటా కుదించుకుపోతుంది. సెల్లర్ నియోజకవర్గంలో ఉన్నది అలాంటి కుటుంబాలే. ఆయన దాన్ని గట్టిగా వ్యతిరేకించారు, ఓడిపోయారు. గెలవడానికి 41 ఏళ్ళు పట్టింది.

1949లో ఆయన, వలస బిల్లులను మొదట పరిశీలించే సభ జుడీషియరీ కమిటీకి ఛైర్మన్ అయ్యారు. మధ్యలో రెండేళ్ళు తప్ప 1973 దాకా ఆ కుర్చీ ఆయనదే. ఛైర్మన్ అయితే చాలు, బిల్లు పాసైపోతుందని మనం అనుకుంటాం. వలస వ్యవహారాలు చూసే ఉపసంఘం మాత్రం ఫ్రాన్సిస్ వాల్టర్ చేతిలో ఉండేది. ఆయన పాత కోటా పద్ధతికి కాపలాదారు. 1952లో ట్రూమన్ వీటోను కూడా దాటించి మెకారన్-వాల్టర్ చట్టం తెచ్చింది ఆయనే. దాని ప్రకారం ఆసియా సంతతి వ్యక్తి లండన్‌లో పుట్టినా లెక్క పడేది ఆసియా కోటాలోనే. పుట్టిన ఊరు కాదు, రక్తం చూసేవారు. 1963లో వాల్టర్ మరణించాక ఆ ఉపసంఘం ఒహాయోకు చెందిన మైకేల్ ఫీగన్ చేతికి వచ్చింది. ఆయనతో బేరం కుదిరాకే ఆ పాత కోటాలను రద్దు చేసే బిల్లు కదిలింది. 1965 అక్టోబరు 3న లిబర్టీ విగ్రహం పాదాల దగ్గర జాన్సన్ సంతకం చేశారు. సెల్లర్‌కు అప్పటికి 77 ఏళ్ళు.

అపోహ: ఆసియావాళ్ళను పిలవాలనే ఆ చట్టం చేశారు.

వాస్తవం: సరిగ్గా తలకిందులు. అమెరికాలో బంధువులు లేరు కాబట్టి ఆసియా, ఆఫ్రికాల నుంచి పెద్దగా రారని సెల్లర్ సభలో చెప్పారు. ఫీగన్ పట్టుబట్టి కుటుంబ కోటాలను 74 శాతానికి పెంచింది కూడా ఆ లెక్కతోనే: బంధువులున్నది యూరప్ వాళ్ళకే కదా! నిపుణులకు మిగిలింది 20 శాతం, అందులో ఉన్నత వృత్తులకు 10. మన డాక్టర్లు, ఇంజినీర్లు ఆ సన్నని సందులోంచే వచ్చారు. పౌరులయ్యాక అన్నదమ్ములకు, అక్కచెల్లెళ్ళకు దరఖాస్తులు పెట్టారు. భారతదేశంలో పుట్టి అమెరికాలో ఉంటున్నవారు 1960లో 12 వేలు, 1980 నాటికి 2 లక్షలు దాటారు. చట్టం రాసినవాళ్ళు ఊహించనిది మన కుటుంబాలు చేసి చూపించాయి.

అపోహ: హెచ్-1బి అనే తాత్కాలిక ఉద్యోగ వీసా కూడా ఈ చట్టంతోనే వచ్చింది.

వాస్తవం: కాదు. అది 1990 చట్టం. సెల్లర్ 1981లోనే చనిపోయారు.

అపోహ: ఆయన అన్ని విషయాల్లోనూ అభ్యుదయవాది.

వాస్తవం: 1964 పౌరహక్కుల చట్టం ఆయన కమిటీ నుంచే వచ్చింది. 1965 ఓటింగ్ హక్కుల చట్టమూ అంతే. గుత్త సంస్థల విలీనాలను అడ్డుకునే 1950 చట్టానికీ ఆయన పేరుంది. ఇవన్నీ నిజం. కానీ స్త్రీలకు సమాన హక్కులిచ్చే రాజ్యాంగ సవరణను ఏళ్ళ తరబడి తన కమిటీలో తొక్కిపెట్టిందీ ఆయనే. 1970లో మార్తా గ్రిఫిత్స్ సభ్యుల సంతకాలు సేకరించి దాన్ని ఆయన చేతుల్లోంచి బయటికి లాగాల్సి వచ్చింది. జాతి వివక్షను అంత స్పష్టంగా చూసిన కళ్ళకు ఇది కనిపించకపోవడం నన్ను ఇప్పటికీ బాధిస్తుంది. పార్టీ అభ్యర్థిని ఎన్నుకునే 1972 ప్రైమరీలో 30 ఏళ్ళ ఎలిజబెత్ హోల్ట్‌జ్‌మన్ చేతిలో ఆయన సుమారు 600 ఓట్ల తేడాతో ఓడిపోయారు. తర్వాత వలసల ఉపసంఘానికి ఛైర్మన్ అయినది కూడా ఆమే.

అపోహ: దేశాలవారీ పరిమితి భారతీయులను అడ్డుకోవడానికి పెట్టిందే.

వాస్తవం: నా దగ్గరికి వచ్చేవాళ్ళకు 1965 చట్టంలోని రెండో సెక్షన్ ప్రింటు తీసి చూపిస్తాను. జాతి, లింగం, జాతీయత, పుట్టిన చోటు, నివాసం కారణంగా వలస వీసాల్లో ఎవరికీ ప్రాధాన్యం గానీ వివక్ష గానీ ఉండదు అని మొదలవుతుంది. అదే వాక్యం ముగియకుండానే 'అయితే' అంటూ తూర్పు అర్ధగోళంలో ఏ ఒక్క దేశానికీ ఏడాదికి 20,000కు మించకూడదని చేరుస్తుంది. భారతదేశపు కోటా అప్పటిదాకా 100. వందను ఇరవై వేలు చేసి బ్రిటన్‌తో, జర్మనీతో సమానంగా నిలబెట్టిన మాట అది. 1990లో అది మొత్తం వీసాల్లో 7 శాతంగా మారింది. ఉద్యోగ గ్రీన్‌కార్డులు ఏడాదికి 1,40,000 అయితే ఒక్కో దేశం వంతు సుమారు 9,800. మిగతా దేశాలు వాడుకోనివి ఉంటే ఆ పైన కొన్ని. చిన్న దేశానికీ, 140 కోట్ల దేశానికీ అదే వంతు.

కెనడా పౌరసత్వం తీసుకుంటే వరుస తగ్గుతుందా అని చాలామంది అడుగుతారు. తగ్గదు. చూసేది పాస్‌పోర్టు కాదు, పుట్టిన దేశం. భార్య లేదా భర్త వేరే దేశంలో పుట్టి ఉంటే మాత్రం ఆ దేశం లెక్కలో వెళ్ళవచ్చు. గల్ఫ్‌లో పుట్టిన తెలుగు పిల్లలు ఇప్పుడు పెళ్ళీడుకు వచ్చారు కాబట్టి, దరఖాస్తుకు ముందు జీవిత భాగస్వామి జనన ధృవీకరణ పత్రం తప్పకుండా చూడమంటాను.

ఉద్యోగ గ్రీన్‌కార్డుల్లో ఈ పరిమితిని ఎత్తివేసే బిల్లు 2019 జులైలో ప్రతినిధుల సభలో 365-65 ఓట్లతో గెలిచింది. 2020 డిసెంబరులో సెనేట్ మార్పులతో ఆమోదించింది. రెంటినీ ఒకటి చేసేలోపే ఆ కాంగ్రెస్ గడువు తీరిపోయింది. అలాంటి బిల్లు మళ్ళీ వస్తే మొదట వెళ్ళవలసింది సెల్లర్ అధ్యక్షత వహించిన ఆ జుడీషియరీ కమిటీకే.