ఐర్లండ్ కుర్రాడు ప్రొఫెషనల్ ఫుట్‌బాలర్ అయ్యే దారి: అపోహలు - వాస్తవాలు

ప్రీమియర్ లీగ్ చూసే తెలుగువాళ్లకు ఇవాన్ ఫెర్గూసన్, ట్రాయ్ పారట్, గావిన్ బజూనూ పేర్లు కొత్త కాదు. ఐర్లండ్ కుర్రాళ్లు ఆ స్థాయికి ఎలా చేరతారన్న దానిమీద చెలామణీలో ఉన్న మాటలు మాత్రం చాలావరకు 2020కి ముందువి. డబ్లిన్‌లో స్థిరపడి, పిల్లల్ని వారాంతాల్లో క్లబ్బుకు తిప్పుతున్న మన కుటుంబాలు కూడా వాటినే నమ్ముకుని నిర్ణయాలు తీసుకుంటున్నాయి. 16 నుంచి 20 ఏళ్ల మధ్య కెరీర్‌ను తేల్చేవి ముఖ్యంగా రెండు: పెద్దవాళ్ల మ్యాచుల్లో ఆడిన నిమిషాలు, కాగితాల మీద తేదీలు. ఏ పేరున్న క్లబ్బులో చేరాడన్నది వీటి తర్వాతి సంగతి.

అపోహ: 15, 16 ఏళ్లకే ఇంగ్లండ్ అకాడమీలో చేరకపోతే ఇక అవకాశం లేనట్టే.

వాస్తవం: ఒకప్పుడు దారి అదే. లియమ్ బ్రాడీ 1971లో 15 ఏళ్లకే ఆర్సెనల్‌కు వెళ్లాడు. తర్వాతి తరాలూ ఆ బాటే పట్టాయి. 2021 జనవరి 1తో ఆ బాట మూతపడింది. ఫిఫా బదిలీ నిబంధనల్లోని 19వ ఆర్టికల్ ప్రకారం 18 నిండని ఆటగాడిని వేరే దేశపు క్లబ్బుకు బదిలీ చేయకూడదు. యూరోపియన్ యూనియన్, యూరోపియన్ ఎకనామిక్ ఏరియా లోపల మాత్రం 16-18 ఏళ్లవాళ్లకు మినహాయింపు ఉంది. బ్రెగ్జిట్‌తో బ్రిటన్ క్లబ్బులు ఆ మినహాయింపును పోగొట్టుకున్నాయి. 16 ఏళ్ల వయసులో బ్రైటన్ చేరిన ఫెర్గూసన్ ఆ పాత దారిలో దాటిన చివరి కొద్దిమందిలో ఒకడు.

ఆలస్యంగా వెళ్లినవాళ్లు నష్టపోయారా అంటే, చరిత్ర అలా చెప్పడం లేదు. రాయ్ కీన్ కోబ్ ర్యాంబ్లర్స్ నుంచి నాటింగ్‌హామ్ ఫారెస్ట్‌కు వెళ్లింది 1990లో, 47 వేల పౌండ్లకు. అప్పటికి అతను 18 దాటాడు. షేమస్ కోల్‌మన్ 2009 జనవరిలో స్లైగో రోవర్స్ నుంచి ఎవర్టన్‌కు వెళ్లేనాటికి వయసు 20, ధర 60 వేల పౌండ్లు. ఇద్దరూ తమ జాతీయ జట్టుకు కెప్టెన్లయ్యారు.

18 లోపే బయటికి వెళ్లాలంటే యూరప్ ప్రధాన భూభాగం తెరిచే ఉంది. కెవిన్ జెఫీ 2021లో షామ్‌రాక్ రోవర్స్ నుంచి ఇంటర్ మిలాన్‌కు, జేమ్స్ అబాంక్వా 2022లో సెయింట్ ప్యాట్రిక్స్ అథ్లెటిక్ నుంచి ఉదినేసేకు వెళ్లారు. ఈ మినహాయింపు కింద తీసుకునే క్లబ్బు చదువు, వసతి, శిక్షణ ఏర్పాట్లు చూపించాల్సిందే. తల్లిదండ్రులు వీటిని నోటిమాటగా వదిలేయకూడదు. ఏ స్కూలు, ఏ భాషలో బోధన, ఇంట్లో ఉండే పెద్దమనిషి ఎవరు, ఏడాదికి ఎన్నిసార్లు ఇంటికి టికెట్లు, ఇవన్నీ రాతలో తీసుకోవాలి. అక్కడ కుర్రాళ్లు వెనకబడేది తరచుగా ఆటలో కాదు. డ్రెస్సింగ్ రూమ్‌లో కోచ్ చెప్పేది సగమే అర్థమై, మైదానంలో అరసెకను ఆలస్యంగా కదలడంతో వెనకబడతారు. వెళ్లడానికి 6 నెలల ముందే భాష మొదలుపెట్టిన కుర్రాడికి ఆ ఇబ్బంది చాలా తగ్గుతుంది.

అపోహ: 18 నిండిన మర్నాడే ఇంగ్లండ్ జెర్సీ వేసుకోవచ్చు.

వాస్తవం: పుట్టినరోజు ఒక్కటే చాలదు, బదిలీల విండో (క్లబ్బులు కొత్త ఆటగాళ్లను నమోదు చేసుకోగల కాలం) కూడా తెరిచి ఉండాలి. మేసన్ మీలియా విషయమే చూడండి. సెయింట్ ప్యాట్రిక్స్ నుంచి అతన్ని తీసుకోవడానికి టాటెన్‌హామ్ ఒప్పందం 2025 ఫిబ్రవరిలోనే బయటికొచ్చింది, లీగ్ ఆఫ్ ఐర్లండ్‌లో అప్పటికి అదే రికార్డు ధర. అతను పుట్టింది 2007 సెప్టెంబర్ 22న. ఇంగ్లండ్ వేసవి విండో 2025 సెప్టెంబర్ 1న మూసేశారు. మూడు వారాల తేడాతో 2026 జనవరి దాకా ఆగాల్సి వచ్చింది. ఈలోపు 2025 సీజన్ మొత్తం డబ్లిన్‌లోనే ఆడాడు. అతని ఆటకు అది మేలే చేసిందని మా అభిప్రాయం.

అందుకే 16వ ఏట చేయాల్సిన మొదటి పని, 18వ పుట్టినరోజు తర్వాత తెరుచుకునే మొదటి విండో ఏదో రాసి పెట్టుకోవడం. ఆగస్టులో పుట్టినవాడికి ఆ వేసవే దొరుకుతుంది. సెప్టెంబర్‌లో పుడితే జనవరి. ఫిబ్రవరి రెండో వారంలో పుడితే మళ్లీ వేసవి. ఐర్లండ్ క్లబ్బుతో కాంట్రాక్టు కనీసం ఆ తేదీ దాటేలా ఉండాలి. అంతకు ముందే ముగిస్తే క్లబ్బుకు బదిలీ ధర రాదు, కుర్రాడికి ఆ మధ్య నెలల్లో జీతమూ ఉండదు, చికిత్సా ఉండదు.

అపోహ: లీగ్ ఆఫ్ ఐర్లండ్‌లో ఆడటం అంటే కాలం వృథా చేసుకోవడం.

వాస్తవం: మాకు అన్నిటికన్నా బాధ కలిగించే మాట ఇది. ఆ లీగ్ పై అంచె అయిన ప్రీమియర్ డివిజన్‌లో 10 జట్లు, ఒక్కో జట్టుకు 36 మ్యాచులు. సీజన్ ఫిబ్రవరిలో మొదలై నవంబర్‌కు ముగుస్తుంది, మ్యాచులు ఎక్కువగా శుక్రవారం రాత్రి. కింద క్లబ్బుల అకాడమీలకు 14, 15, 17, 20 ఏళ్ల లోపు జాతీయ లీగులున్నాయి. ఫెర్గూసన్ 2019లో బొహీమియన్స్ తరఫున చెల్సీతో స్నేహపూర్వక మ్యాచ్ ఆడేనాటికి వయసు 14. అదే ఏడాది లీగ్‌లోనూ దిగాడు. బజూనూ షామ్‌రాక్ రోవర్స్ గోల్ కాసింది 16 ఏళ్లకు. 2021 సెప్టెంబర్‌లో క్రిస్టియానో రొనాల్డో పెనాల్టీని ఆపేనాటికి 19.

పెద్దవాళ్ల మ్యాచ్ నేర్పేది ఏమిటో ఒక స్ట్రైకర్‌ను దగ్గర నుంచి చూస్తే తెలుస్తుంది. 17 ఏళ్ల లోపు లీగ్‌లో బంతి తన కాళ్ల దగ్గరికి వచ్చాక డిఫెండర్ వైపు తిరగడానికి వ్యవధి ఉంటుంది. శుక్రవారం రాత్రి 30 ఏళ్ల సెంటర్‌బ్యాక్ అంత వ్యవధి ఇవ్వడు. బంతి ఇంకా గాల్లో ఉండగానే ముంజేయి నడుముకు ఆనించి స్ట్రైకర్‌ను అర అడుగు ముందుకు నెడతాడు. బంతి దూరం తప్పుతుంది, మొదటి టచ్ పోతుంది. కుర్రాడు నేర్చుకోవాల్సింది బంతి బయలుదేరగానే ముందు తనే వెనక్కి ఆని, మోకాళ్లు కొంచెం వంచి, డిఫెండర్ బరువును ఆపుకోవడం. జిమ్‌లో దీనికి బలం వస్తుంది గానీ సమయం తెలియదు. అది మ్యాచుల్లోనే తెలుస్తుంది, పది పదిహేను సార్లు బంతి పోగొట్టుకున్నాక.

ఎన్ని మ్యాచుల్లో కనిపించాడన్న లెక్క మోసం చేస్తుంది. 85వ నిమిషంలో దిగినా అది ఒక మ్యాచే. మొదటి పదకొండు మందిలో ఎన్నిసార్లు ఉన్నాడు, ఎన్ని నిమిషాలు ఆడాడు, ఏ స్థానంలో ఆడాడు అన్నవి చూడాలి. నెలకు మూడు పూర్తి మ్యాచుల పాటైనా ఆట దొరకని 17 ఏళ్లవాడు, సీనియర్ బెంచీ మీద కూర్చోవడం కన్నా 20 ఏళ్ల లోపు జట్టుకు దిగి ఆడటం మంచిది.

అపోహ: పెద్ద క్లబ్బు తీసుకుందంటే ఇక స్థిరపడ్డట్టే.

వాస్తవం: అసలు పరీక్ష అక్కడే మొదలవుతుంది. పారట్ 2017లో టాటెన్‌హామ్ చేరాడు, 17 ఏళ్లకే 2019లో ప్రీమియర్ లీగ్‌లో, ఐర్లండ్ సీనియర్ జట్టులో ఆడాడు. తర్వాత మిల్‌వాల్, ఇప్స్‌విచ్, ఎంకే డాన్స్, ప్రెస్టన్, నెదర్లాండ్స్‌లో ఎక్సెల్సియర్, వరసగా అయిదు లోన్‌లు (వేరే క్లబ్బుకు కొంతకాలం అరువుగా వెళ్లి ఆడటం). 2024లో ఏజెడ్ ఆల్క్‌మార్‌కు శాశ్వతంగా మారాకే వరసగా ఆట దొరికింది. 2025 నవంబర్‌లో పోర్చుగల్ మీద రెండు గోల్స్, మూడు రోజుల తర్వాత బుడాపెస్ట్‌లో హంగరీ మీద హ్యాట్రిక్. ప్రతిభ 17వ ఏటా ఉంది. కుదురుగా ఒకచోట ఆట లేకపోయింది.

లోన్‌కు ఒప్పుకునే ముందు అడగాల్సినవి ఇవి. ఆ స్థానంలో ఇప్పటికే ఎంతమంది ఉన్నారు? కావాలని అడిగింది మేనేజరా, స్పోర్టింగ్ డైరెక్టరా? మేనేజర్‌ను మారిస్తే జనవరిలో వెనక్కి పిలిచే క్లాజ్ ఉందా? గాయమైతే కోలుకునేది ఏ క్లబ్బులో? ఇందులో రెండోదాన్ని ఎక్కువమంది వదిలేస్తారు, లోన్‌లు చెడేదీ ఎక్కువగా అక్కడే. తనను కోరిన మేనేజర్ అక్టోబర్‌లో ఉద్యోగం పోగొట్టుకుంటే వచ్చే మనిషికి ఈ కుర్రాడి మీద ఏ బాధ్యతా ఉండదు.

ఇంకో చిక్కు. ఫిఫా నిబంధన ప్రకారం ఒక సీజన్‌లో మూడు క్లబ్బులకు రిజిస్టర్ కావచ్చు, అధికారిక మ్యాచులు మాత్రం రెండింటికే ఆడాలి. ఐర్లండ్ సీజన్ ఫిబ్రవరి-నవంబర్, ఇంగ్లండ్ సీజన్ ఆగస్టు-మే. ఇలా సీజన్లు ఒకదానిమీద ఒకటి పడే దేశాల మధ్య మారినవాళ్లు మూడో క్లబ్బుకు ఆడేందుకు అదే నిబంధనలో వెసులుబాటు ఉంది. సంతకానికి ముందే రెండు అసోసియేషన్లతోనూ దీన్ని ఖాయం చేసుకోవాలి.

అపోహ: జనవరిలో చేరినవాడు ఫిబ్రవరిలో ఆడకపోతే పనికిరాడని అర్థం.

వాస్తవం: నవంబర్ మొదట్లో ఐర్లండ్‌లో చివరి మ్యాచ్ ఆడినవాడు జనవరికి రెండు నెలలు మ్యాచ్ లేకుండా వస్తాడు. చేరే జట్టేమో సీజన్ సగంలో, పూర్తి పదునుతో ఉంటుంది. తొందరపెడితే ముందుగా పట్టేసేది హామ్‌స్ట్రింగ్, తర్వాత గజ్జలు. నవంబర్‌లో రెండు మూడు వారాలు నిజమైన విశ్రాంతి, డిసెంబర్‌లో వేగం పెంచుతూ పరుగులు, చేరాక ముందు 21 ఏళ్ల లోపు జట్టులో 45 నిమిషాలు, తర్వాత 60, తర్వాత 90. ఈ వరసలో వెళ్తే మార్చికి సిద్ధమవుతాడు. అప్పటికి సీజన్ ముగింపుకొస్తుంది కాబట్టి అసలు లెక్క ఆ తర్వాతి జులై నుంచి చూడాలి.

చిన్న వయసులో మరో సంగతి. ఐర్లండ్‌లో చాలామంది పిల్లలు సాకర్‌తో పాటు ఐర్లండ్ సంప్రదాయ ఆటలైన గేలిక్ ఫుట్‌బాల్, హర్లింగ్ కూడా ఆడతారు. స్కూలు కోచ్, గేలిక్ కోచ్, క్లబ్బు కోచ్ ఎవరికి వారు వారానికి రెండేసి సెషన్లు పెడతారు. మొత్తం ఆరయిందని ఏ ఒక్కరికీ తెలియదు. ఎత్తు వేగంగా పెరిగే 13-15 ఏళ్లలో మోకాలి చిప్ప కింద బుడిపెలా లేచి నొప్పి పెడుతుంది, దాన్ని ఆజ్‌గుడ్-ష్లాటర్ అంటారు. అది బద్ధకం కాదు, ఎముక పెరిగేచోట కండర పట్టీ లాగుతున్న నొప్పి. అన్ని సెషన్లూ ఒకే కాగితం మీద రాసి ముగ్గురు కోచ్‌లకూ చూపించడం మందులకన్నా ముందు చేయాల్సిన పని.

అపోహ: చదువు, ఆట రెండూ కుదరవు.

వాస్తవం: 18 దాకా దేశంలోనే ఉండాల్సి రావడం వల్ల జరిగిన మంచి ఇదే. 16కే ఇంగ్లండ్ వెళ్లి, 18-19కి క్లబ్బు వదిలేస్తే లీవింగ్ సర్టిఫికెట్ (ఐర్లండ్‌లో స్కూలు చదువు చివర రాసే పరీక్ష) లేకుండా తిరిగొచ్చినవాళ్లు ఎందరో. ఇప్పుడు ఆ పరీక్ష రాసే వెళ్లొచ్చు. అది జూన్‌లో, సరిగ్గా సీజన్ నడుమ వస్తుంది. శిక్షణ తగ్గింపు ఎన్ని వారాలో ఫిబ్రవరిలోనే మేనేజర్‌తో మాట్లాడి పెట్టుకోవాలి.

అపోహ: చిన్న వయసులో కాంట్రాక్టు రాస్తే కుర్రాడిని కట్టిపడేసినట్టు. పెంచిన చిన్న క్లబ్బుకు ఎలాగూ ఏమీ మిగలదు.

వాస్తవం: 18 లోపువాళ్లతో మూడేళ్లకు మించిన కాంట్రాక్టును ఫిఫా ఒప్పుకోదు. కాబట్టి జీవితకాలం కట్టిపడేయడం కుదరదు. కాంట్రాక్టు లేకుండా అమెచ్యూర్‌గా ఉన్నవాడు వెళ్లిపోతే క్లబ్బు బదిలీ ధర అడగలేదు, శిక్షణ పరిహారం మాత్రమే అడగగలదు.

పెంచిన క్లబ్బుకు వచ్చే వాటా పేరు సాలిడారిటీ. కాంట్రాక్టు మధ్యలో వేరే దేశానికి బదిలీ అయితే ధరలో 5 శాతం, 12 నుంచి 23 ఏళ్ల దాకా శిక్షణ ఇచ్చిన క్లబ్బులకు పంచాలి. 12-15 ఏళ్ల సీజన్లకు ఒక్కోదానికి ధరలో 0.25 శాతం, 16-23 సీజన్లకు 0.5 శాతం. 10 లక్షల యూరోల బదిలీ అనుకుందాం. 12, 13 ఏళ్ల రెండు సీజన్లు ఆడించిన పేట క్లబ్బుకు 5 వేల యూరోలు. 14 నుంచి 17 దాకా నాలుగు సీజన్లు ఆడించిన లీగ్ క్లబ్బుకు 15 వేలు. పెద్ద మొత్తం కాకపోవచ్చు గానీ, పేట క్లబ్బుకు కొత్త గోల్‌పోస్టులు, లైట్లు వస్తాయి. ఇదంతా ప్లేయర్ పాస్‌పోర్టులో, అంటే ఆటగాడు ఏ క్లబ్బులో ఎప్పుడు ఉన్నాడో చూపే రికార్డులో, రిజిస్ట్రేషన్ తేదీలు సరిగ్గా ఉంటేనే. 2022 నుంచి ఈ చెల్లింపులు ఫిఫా క్లియరింగ్ హౌస్ ద్వారా సాగుతున్నాయి. ఏడాదేడాదీ రిజిస్ట్రేషన్ చేయకుండా పేరు మాత్రం పుస్తకంలో రాసుకున్న క్లబ్బులు ఇక్కడే నష్టపోతాయి.

అపోహ: 13 ఏళ్లకే ఏజెంట్ ఉండాలి.

వాస్తవం: వద్దు. కుర్రాడు ఆడబోయే దేశంలో మొదటి ప్రొఫెషనల్ కాంట్రాక్టు రాయగల వయసుకు 6 నెలల ముందు దాకా ఏజెంట్ మైనర్‌ను కలవనే కూడదు. తర్వాతైనా తల్లిదండ్రుల రాతపూర్వక అనుమతి కావాలి, ఒప్పందం రెండేళ్లకు మించకూడదు. అంతకుముందే బూట్లు, కానుకలతో వచ్చేవాడు నిబంధన తప్పుతున్నవాడే.

అపోహ: ఐర్లండ్‌లో పెరిగిన ప్రతి కుర్రాడికీ ఇంగ్లండ్‌లో వర్క్ పర్మిట్ అక్కర్లేదు.

వాస్తవం: ఐర్లండ్ పౌరుడికి అక్కర్లేదు. బ్రెగ్జిట్ తర్వాత కూడా బ్రిటన్-ఐర్లండ్ మధ్య ఉన్న కామన్ ట్రావెల్ ఏరియా ఏర్పాటు వల్ల విదేశీ ఆటగాళ్లకు పెట్టిన పాయింట్ల పరీక్ష అతనికి వర్తించదు. డబ్లిన్‌లోనే పెరిగి ఇంకా భారత పాస్‌పోర్టు మీదే ఉన్న తెలుగు కుర్రాడికి మాత్రం ఆ పరీక్ష తప్పదు. 18 ఏళ్లకు దాన్ని దాటడం చాలా కష్టం. 2005 నుంచి ఐర్లండ్‌లో పుట్టినంత మాత్రాన పౌరసత్వం రాదు. బిడ్డ పుట్టకముందు నాలుగేళ్లలో తల్లిదండ్రుల్లో ఒకరికి మూడేళ్ల లెక్కకొచ్చే నివాసం ఉండాలి, విద్యార్థి వీసా కాలం అందులోకి రాదు. పౌరసత్వం తీసుకుంటే భారత పాస్‌పోర్టు వదులుకోవాలి, దాంతో భారత జట్టుకు ఆడే అర్హతా పోతుంది. ఇది ఇంట్లో కూర్చుని మాట్లాడుకుని తేల్చుకోవాల్సిన విషయం.

పేట క్లబ్బులో మొదటిసారి చేర్చేటప్పుడు కూడా వేరే దేశం నుంచి వచ్చిన, పౌరుడు కాని పిల్లవాడికి ఆ 19వ ఆర్టికలే వర్తిస్తుంది. కుటుంబం ఆటకోసం కాక ఉద్యోగం లాంటి వేరే కారణంతో వచ్చిందని చూపాలి. తల్లిదండ్రుల ఉద్యోగ పత్రం, నివాస అనుమతి, బిడ్డ జనన ధ్రువపత్రం సిద్ధం చేసి సీజన్‌కు ముందే క్లబ్బు సెక్రటరీకి ఇస్తే ఆలస్యం తగ్గుతుంది. అనుమతి వచ్చేదాకా శిక్షణకు వెళ్లొచ్చేమో గానీ పోటీ మ్యాచుల్లో దింపకూడదు.