మెడ విరిగితే ఊపిరెందుకు ఆగుతుంది?

"ఊపిరితిత్తులు ఉండేది ఛాతీలో. దెబ్బ తగిలింది మెడకి. మరి క్రిస్టఫర్ రీవ్‌కి ఊపిరెందుకు ఆగిపోయింది?" అని ఒక పాఠకుడు అడిగారు. మంచి ప్రశ్న. మన బళ్లలో శ్వాసవ్యవస్థ అంటే బొమ్మ గీసి భాగాలు గుర్తించడమే. దాన్ని నడిపే కరెంటు ఎక్కణ్ణుంచి వస్తుందో చెప్పే మాస్టారు అరుదు.

రీవ్ అంటే 1978 నాటి "సూపర్‌మ్యాన్" సినిమా హీరో. 1995 మే 27న అమెరికాలోని వర్జీనియాలో గుర్రపు స్వారీ పోటీ జరుగుతోంది. అడ్డుకట్ట దూకాల్సిన గుర్రం చటుక్కున ఆగిపోయింది. చేతులు కళ్లేనికి చిక్కుకుని, ఆయన తలకిందులుగా పడ్డారు. మెడలో ఏడు పూసలుంటే పై రెండూ విరిగాయి.

ఇప్పుడు చేలో బోరు మోటారు సంగతి చూడండి. సబ్‌స్టేషన్ నుంచి మెయిన్ లైను, దారిలో ట్రాన్స్‌ఫార్మర్, అక్కణ్ణుంచి సర్వీసు వైరు, చివర మోటారు. మనలో సబ్‌స్టేషన్ మెదడు అడుగుభాగం. "పీల్చు" అన్న ఆజ్ఞ అక్కడే పుడుతుంది. మెయిన్ లైను వెన్నుపాము. అందులో మెడ దగ్గర 3, 4, 5 నంబర్ల మట్టంలో ఉన్న నాడీకణాలు ట్రాన్స్‌ఫార్మర్. అక్కడ బయల్దేరి ఛాతీలోంచి కిందికి దిగే ఫ్రెనిక్ నాడి సర్వీసు వైరు. మోటారేమో డయాఫ్రమ్, ఛాతీకీ పొట్టకీ మధ్య గొడుగులా పరుచుకున్న కండరం. అది కిందికి దిగితేనే గాలి లోపలికి వస్తుంది.

రీవ్‌కి లైను తెగింది ట్రాన్స్‌ఫార్మర్‌కి పైన. మోటారు బాగానే ఉంది, సర్వీసు వైరూ బాగానే ఉంది, కరెంటే లేదు. అదే దెబ్బ మెడలోనే అడుగునున్న పూసలకి తగిలి ఉంటే కాళ్లూ చేతులూ పడిపోయినా ఊపిరి మాత్రం సొంతంగా ఆడేది.

పొట్ట మీదుండే కండరానికి మెడ నుంచి వైరెందుకు? పిండం నాలుగో వారంలో ఉన్నప్పుడు ఈ కండరానికి మూలమైన పొర మెడ పక్కనే ఉంటుంది. పిండం పెరిగేకొద్దీ అది కిందికి జారుతూ, ఎనిమిదో వారానికల్లా ఇప్పుడున్న చోటికి చేరుతుంది. తన నాడిని తాడులా వెంట లాక్కుపోతుంది. భుజం చర్మానికీ అదే మట్టం నుంచి నాడులు వెళ్తాయి. అందుకే పొట్టలో రక్తస్రావమై డయాఫ్రమ్‌ని ఒరుసుకుంటే నొప్పి భుజంలో తెలుస్తుంది!

నటుడికి ఊపిరి పోవడమంటే గొంతు కూడా పోవడమే. మనం గాలి వదులుతూ మాట్లాడతాం. రీవ్‌కి ఊపిరాడించింది వెంటిలేటర్ అనే మిషన్. దాని గొట్టమేమో గొంతులో స్వరతంత్రులకి కింద ఉంటుంది. గొట్టం చుట్టూ ఉండే బుడగలో గాలి తీసేస్తే, మిషన్ లోపలికి గాలి కొట్టినప్పుడు కొంత పైకి జారి తంత్రుల్ని మోగిస్తుంది. అంటే ఊపిరి లోపలికి వెళ్తుండగా మాట! మిషన్ ఆగితే మాటా ఆగాలి. డైలాగు ఎక్కడ విరవాలో మిషనే చెబుతుంది. ఆయన ఆ పద్ధతిలోనే 1998లో ఒక టీవీ సినిమాలో పక్షవాతం వచ్చిన ఆర్కిటెక్ట్‌గా నటించి స్క్రీన్ యాక్టర్స్ గిల్డ్ అవార్డు అందుకున్నారు. మధ్యలో 1997లో ఒక టీవీ సినిమాకి దర్శకత్వమూ వహించారు.

కొందరు దీన్ని "సూపర్‌మ్యాన్ శాపం" అన్నారు. అదే వేషం టీవీలో వేసిన జార్జ్ రీవ్స్ 1959లో తుపాకీ గుండుకి చనిపోయారు కదా, పేర్లూ కలిశాయి కదా అని. మన దగ్గరైతే పూర్వజన్మ పాపం అంటారు. ఆ సినిమాలకి పనిచేసి హాయిగా ముసలివాళ్లైనవాళ్లని ఎవరూ లెక్కపెట్టరు.

మళ్లీ మోటారు దగ్గరికొద్దాం. లైను తెగినప్పుడు రైతు ఏం చేస్తాడు? మోటారుకి జనరేటర్ తగిలిస్తాడు. 2003లో క్లీవ్‌లాండ్ డాక్టర్లు రీవ్ పొట్టలోకి చిన్న రంధ్రాల గుండా వెళ్లి, డయాఫ్రమ్‌లో నాడి చేరే చోట సన్నటి తీగలు గుచ్చి, బయట బ్యాటరీ పెట్టెకి కలిపారు. మూలపడ్డ మోటారు పట్టేసినట్టు ఇన్నేళ్లు పనిలేని కండరమూ బలహీనపడుతుంది. అందుకే కొద్దికొద్దిగా సాధన చేయించాలి. గాలి మళ్లీ ముక్కులోంచి పోవడంతో ఆయనకి వాసనలు తెలిశాయి.

పోలిక ఇక్కడ చెడుతుంది. చేలో ట్రాన్స్‌ఫార్మర్ కాలినా జనరేటర్ పనిచేస్తుంది. ఒంట్లో అలా కాదు. ఫ్రెనిక్ నాడి ఆ నాడీకణాల తోకే కాబట్టి కణం చస్తే వైరూ చస్తుంది. అలాంటివాళ్లకి ఈ పరికరం పనికిరాదు.

రీవ్ వైద్య పరిశోధనకి, వేరే రకం కణాలుగా ఎదగగల మూలకణాల మీద పరిశోధనకి నిధులివ్వాలని అమెరికా కాంగ్రెస్ (అక్కడి పార్లమెంటు) దాకా వెళ్లి పోరాడారు. వికలాంగుల హక్కుల కార్యకర్తలు కొందరికి ఇది నచ్చలేదు. 2000లో కంప్యూటర్ గ్రాఫిక్స్‌తో ఆయన లేచి నడిచినట్టు చూపిన ప్రకటన మీద గొడవే జరిగింది. "నయమయ్యేదాకా మేం ఎదురుచూడాలా? ఇవాళ ర్యాంపు కావాలి, సాయం చేసే మనిషి కావాలి" అన్నది వాళ్ల వాదన. నా మొగ్గు వాళ్ల వైపే. కానీ గాయమైన అయిదేళ్లకి ఎడమచేతి చూపుడువేలు కదిలించగలిగిన మనిషిని ఆశ వదులుకోమనడం కూడా కష్టమే.

2004 అక్టోబర్ 10న, 52 ఏళ్ల వయసులో ఆయన చనిపోయారు. భార్య డేనా 2006లో పోయారు. 2009లో వాళ్లిద్దరి పేరు మీద అమెరికాలో వచ్చిన పక్షవాత చట్టంలో పరిశోధనతో పాటు పునరావాసానికీ, రోజువారీ జీవితం మెరుగుపరిచే పనులకీ చోటిచ్చారు.