ఇంటిపేరు మారిన ఈగ

చి. బుజ్జికి, చిన్నాకి తాతయ్య ఆశీస్సులు.

మీ లండన్ పెరట్లో చేమంతి మీద తేనెటీగ వాలిందని ఫోటో పంపారు. కుడుతుందేమోనని టెన్షన్ పడి అమ్మ తలుపేసేసిందట! అది తేనెటీగ కాదర్రా, ఈగ. దానికి కొండే లేదు, ఇంక కుట్టేదెక్కడ?

రెక్కలు లెక్కపెట్టండి. తేనెటీగకి నాలుగు, దీనికి రెండే. ఒంటిమీద రంగంతా పిట్టల్ని బెదిరించడానికి వేసుకున్న పగటివేషం. అందుకే దీని కులగోత్రాలు తేల్చేవాళ్లు రంగుని నమ్మరు, రెక్కలో ఈనెలు చూస్తారు. రెక్క మధ్యలో ఎటూ కలవకుండా ఆగిపోయే దొంగ ఈనె ఒకటి ఉంటే సాధారణంగా అది సిర్ఫిడే, అంటే పూలమీద వాలే ఈగల కుటుంబం. ఇంకో ఈనె గిన్నెలా లోతుగా వంగితే ఎరిస్టాలిని తెగ. ఆ వంపు పైన, రెక్క అంచు దగ్గర ఈనెల మధ్య ఒక గది ఉంటుంది. అది తెరిచి ఉంటే హెలోఫిలస్ ప్రజాతి (దగ్గరి చుట్టాల గుంపు), మూసుకుపోతే ఎరిస్టాలిస్ ప్రజాతి కావచ్చు. "కావచ్చు" అని ఎందుకన్నానంటే, ఎరిస్టాలినస్ అనే ఇంకో ప్రజాతికీ ఆ గది మూసే ఉంటుంది. దాని కళ్లమీద మచ్చలో చారలో ఉంటాయి. మన దేశంలో ఇవి బాగా కనిపిస్తాయి. ఒకప్పుడు వీటినీ ఎరిస్టాలిస్‌లోనే కలిపి రాసేవారు.

మీ ఈగ ఎరిస్టాలిస్ టెనాక్స్ అనుకుంటున్నాను. చూశారా, మనలాగే ఇంటిపేరు (ప్రజాతి పేరు) ముందు, సొంత పేరు తర్వాత! 1758లో స్వీడన్ శాస్త్రవేత్త లిన్నేయస్ దీన్ని మస్కా టెనాక్స్ అన్నాడు. మన వంటింటి ఈగదీ అదే ఇంటిపేరు, మస్కా డొమెస్టికా. అప్పట్లో ఈగలది పెద్ద ఉమ్మడి కుటుంబం. 1804లో ఫ్రాన్స్ శాస్త్రవేత్త లాట్రేయ్ ఎరిస్టాలిస్ అనే కొత్త ప్రజాతిని ఏర్పరచి వేరు కాపురం పెట్టించాడు. సొంత పేరు టెనాక్స్ మాత్రం మారలేదు. పుస్తకాల్లో ఆ పేరు పక్కన లిన్నేయస్ బ్రాకెట్లలో ఉంటాడు. ఇంటిపేరు తర్వాత మారిందనడానికి అదే గుర్తు. నాకు భలే నచ్చిన ఏర్పాటు అది.

అన్నట్టు, దీని పిల్లపురుగు మురికినీళ్లలో పెరుగుతుంది. ఎలుక తోకలాంటి గొట్టం పైకి చాచి ఊపిరి పీల్చుకుంటుంది. భోజనాల దగ్గర అమ్మకి చెప్పకండి.

ఫోటోలో కళ్లు మసగ్గా ఉన్నాయి. మళ్లీ కనిపిస్తే దగ్గరగా తీసి పంపండి. కంటిమీద నిలువుగా రెండు వెంట్రుకల చారలుంటే టెనాక్సే.

మీ తాతయ్య