యెద్వాబ్నె గొడవ అర్థం కావాలంటే 1945 మార్చి చూడాలి

పోలండ్‌లో యెద్వాబ్నె ఊరు మళ్ళీ వార్తల్లోకి వచ్చింది. 2025 జూలైలో, అక్కడి ఊచకోతకి 84 ఏళ్లు నిండిన సమయంలో, స్మారకం పక్కన ఉన్న ప్రైవేటు స్థలంలో కొందరు బండరాళ్లు పెట్టి వాటికి పలకలు బిగించారు. ఇక్కడి యూదులను చంపింది జర్మన్లే, పోలిష్ జనానికి సంబంధం లేదు అని వాటి సారాంశం. నాజీలు చేసిన యూదుల సామూహిక హత్యాకాండను నమోదు చేసి, యూదులను కాపాడిన వాళ్లను గౌరవించే జెరూసలేంలోని యాద్ వషెమ్ సంస్థ దీన్ని తీవ్రంగా ఖండించింది.

హిట్లర్ దండయాత్ర, యూదులను బంధించి ఉంచిన ఘెట్టోలు (వేరు చేసిన పేటలు) అందరికీ తెలిసినవే కాబట్టి అక్కడి నుంచి మొదలుపెట్టను. 1941 జూలై 10న ఊరి యూదులను పోగేసి, ధాన్యం కొట్టంలోకి తోసి నిప్పుపెట్టారన్న దాని మీదా పెద్దగా పేచీ లేదు. నిప్పు పెట్టిందెవరన్న దగ్గరే గొడవంతా. నా లెక్కలో ఈ కథకి అసలు మలుపు ఆ జూలైలో లేదు, జర్మన్లు వెళ్లిపోయాక వచ్చిన 1945 మార్చిలో ఉంది.

అంతోనినా విజికోవ్‌స్కా అని ఒక రైతు మహిళ. యెద్వాబ్నె దగ్గర్లోని యాన్‌చెవ్‌కోలో భర్త అలెక్సాండర్‌తో, ఇద్దరు చిన్నపిల్లలతో ఉండేది. 1942 చివర్లో ఏడుగురు యూదులు ప్రాణాలు అరచేతిలో పెట్టుకుని వాళ్లింటికి చేరారు. పశువుల కొట్టం కింద దాచింది. యూదులను దాచారని తెలిస్తే ఆక్రమిత పోలండ్‌లో ఇంటిల్లిపాదికీ చావే. జర్మన్లు కుక్కలతో సోదాకి వస్తే వాసన పట్టకుండా ముందే కిరసనాయిలు చల్లి ఉంచేదట. అలా రెండేళ్లు దాటింది. ఏడుగురికి రోజూ తిండి పెట్టడం, మలమూత్రాలు ఎత్తి పారబోయడం, పక్కింటివాళ్లకి అనుమానం రాకుండా పొలం పనులు మామూలుగా చేసుకుంటున్నట్టు కనిపించడం, పిల్లల నోటి నుంచి ఒక్క మాట జారకుండా చూసుకోవడం... ఆమెకి అప్పటికి ముప్పై ఏళ్లు కూడా లేవు.

1945 జనవరిలో సోవియట్ ఎర్రసేన వచ్చింది, ఏడుగురూ బతికి బయటపడ్డారు. ఇక టెన్షన్ లేదనుకోవాల్సిన సమయం అది. కానీ మార్చిలో పోలిష్ జాతీయవాద ముఠా మనుషులు ఇంటి మీదికొచ్చి, యూదులను దాచినందుకు ఆమెను దారుణంగా కొట్టారు. అప్పటికి అక్కడ జర్మన్ సైనికుడు ఒక్కడూ లేడు, భయపెట్టే చట్టమూ లేదు. ఆ కుటుంబం ఊరొదిలి వెళ్లిపోవాల్సి వచ్చింది. అంతోనినా తర్వాత వార్సా దగ్గరా, ఆపైన అమెరికాలోని షికాగోలోనూ బతికింది. 1976లో యాద్ వషెమ్ ఆ దంపతులను గౌరవించింది. 2011లో ఆమె చనిపోయింది.

ఆ ఏడుగురిలో ఒకడు ష్ముల్ వాసర్‌స్టైన్. ఆమెను కొట్టిన మరుసటి నెలలోనే, 1945 ఏప్రిల్ 5న, బియావిస్తోక్‌లో యూదుల చారిత్రక కమిషన్‌కి వాంగ్మూలం ఇచ్చాడు. చంపింది ఊరి పోలిష్ మనుషులేనని పేర్లతో సహా చెప్పాడు. ఏడుగురే బతికారని, వాళ్లను కాపాడింది పోలిష్ మహిళ విజికోవ్‌స్కా అని కూడా అందులోనే చెప్పాడు. హంతకులూ రక్షించిన మనిషీ ఒకే వాంగ్మూలంలో ఉన్నారు. ఆ వాంగ్మూలం పోలిష్ జనాన్ని బద్నాం చెయ్యడానికే ఇచ్చాడనే వాళ్లు ఈ సంగతి ఎందుకు దాటేస్తారో నాకు అర్థం కాదు.

1949లో లోంజా కోర్టులో 22 మందిని విచారించారు, తర్వాత విషయం అణిగిపోయింది. పాత స్మారకం మీద తప్పంతా గెస్టాపో (నాజీల రహస్య పోలీసు), జర్మన్ పోలీసులదేనని రాశారు. చరిత్రకారుడు యాన్ గ్రాస్ 2000లో ఆ వాంగ్మూలాన్ని ఆధారం చేసుకుని పుస్తకం తెచ్చాకే దేశం కుదిపేసినట్టయింది. 2001 జూలై 10న అధ్యక్షుడు అలెక్సాండర్ క్వాష్నియెవ్‌స్కీ క్షమాపణ చెప్పాడు. కొత్త స్మారకం మీద మాత్రం చంపిందెవరో రాయలేదు.

అవతలి వాళ్ల వాదన: వాసర్‌స్టైన్ అన్నీ కళ్లారా చూడలేదు, 1600 మంది చనిపోయారన్న లెక్క తప్పు, శవాలను పాతిపెట్టిన చోట తవ్వకాలు మధ్యలో ఆపేశారు. లెక్క విషయం నిజమే. పోలండ్ ప్రభుత్వ సంస్థే దర్యాప్తు చేసి కనీసం 340 మంది అని తేల్చింది. కానీ అదే దర్యాప్తు, జర్మన్ల ప్రేరణ ఉన్నా చేతులారా చేసింది స్థానిక పోలిష్ మనుషులేనని కూడా తేల్చింది.

2018లో నాజీ నేరాలను పోలిష్ జాతికి అంటగడితే మూడేళ్ల దాకా జైలు అని చట్టం తెచ్చారు. గోల అయ్యాక జూన్‌లో ఆ శిక్ష తీసేశారు. యూదులను కాపాడిన పోలిష్ వాళ్ల పేరుమీద మార్చి 24ని జాతీయ దినం చేసిందీ ఆ ఏడాదే. 1944లో అదే తేదీన పోలండ్‌లోని మార్కోవా గ్రామంలో ఎనిమిది మంది యూదులను దాచిన యూజెఫ్, విక్తోరియా ఉల్మా దంపతులను, వాళ్ల ఆరుగురు పిల్లలను, ఆ యూదులతో పాటే జర్మన్లు కాల్చేశారు. విక్తోరియా అప్పుడు నిండు గర్భిణి. 2023లో ఆ కుటుంబానికి కాథలిక్ చర్చి ధన్యుల హోదా (పునీతుల హోదాకి ముందు మెట్టు) ఇచ్చింది. ఆ గౌరవం వాళ్లకి పూర్తిగా తగినదే. యాద్ వషెమ్ గుర్తించిన రక్షకుల్లో మిగతా ఏ దేశం కంటే పోలండ్ వాళ్లే ఎక్కువ, ఏడు వేలు దాటి ఉన్నారు. అయితే ఉల్మాలను చంపింది జర్మన్లు కాబట్టి వాళ్ల కథ రాజకీయ సభల్లో చెప్పుకోవడం తేలిక. అంతోనినాను కొట్టింది ఎవరో కూడా మార్చి 24న అదే వేదిక మీద చెప్పాలి.