ఒకోనోమియాకి: క్యాబేజీలో దాగిన నీళ్ల లెక్క

జపాన్‌లోని ఒసాకా నగరపు అట్టు ఒకోనోమియాకి చూపుకు మన ఊతప్పంలా ఉంటుంది గానీ, లోపలి పాళ్లు తలకిందులు. ఇద్దరికి 300 గ్రాముల క్యాబేజీ, రెండు గుడ్లు తీసుకుంటే మైదా 100 గ్రాములు చాలు. పిండి ముక్కలను పట్టి ఉంచడానికే, అట్టంతా క్యాబేజీయే. క్యాబేజీ బరువులో దాదాపు 92 శాతం నీరు. అంటే పొడిగా కనిపించే ఆ తరుగులో పావు లీటరుకు పైగా నీళ్లున్నాయి. అవి ఎప్పుడు బయటికి వస్తాయన్నదాని మీదే ఈ వంట కుదరడమూ చెడటమూ ఆధారపడతాయి.

తురిమితే ఆకు కణాలు చితికి నీరు కారిపోతుంది. అందుకే పదునైన కత్తితో సన్నగా తరగాలి. ఇక ఉప్పు తగిలిందంటే ఆస్మాసిస్ మొదలవుతుంది: కణం లోపలికన్నా బయట ఉప్పు గాఢత ఎక్కువ కావడంతో నీరు కణపొర దాటి వచ్చేస్తుంది, పిండి జారుగా మారుతుంది. కాబట్టి క్యాబేజీని పెనం వేడెక్కాకే, ఒక్కో అట్టుకు విడిగా, పిండిలో వేసి గరిటతో అడుగు నుంచి పైకి తేలిగ్గా కలపాలి.

పిండిని మాత్రం ముందే కలిపి గంటసేపు ఫ్రిజ్‌లో ఉంచడం మేలు. నీటిలో కలిపేకొద్దీ గోధుమ ప్రోటీన్లు గ్లూటెన్ వలగా అల్లుకుంటాయి. రొట్టెకు అది బలం, ఈ అట్టుకు సాగుడు. నాననిస్తే ఆ వల సడలుతుంది. జపాన్‌లో నాగైమో అనే దుంపను కూడా తురిమి కలుపుతారు. అది మన పెండలానికి దగ్గరి బంధువు. దాని జిగురు గాలి బుడగలను పట్టి ఉంచడం వల్ల అట్టు లోపల గుల్లగా వస్తుంది. నాగైమోను వాళ్లు పచ్చిగానూ తింటారు, పెండలాన్ని అలా తినకూడదు. దుంప దొరకకపోతే చిటికెడు బేకింగ్ పౌడర్ వేసుకోండి.

పెనం మీద నీటికీ వేడికీ పోటీ. తడి ఉన్నంతసేపు అక్కడ ఉష్ణోగ్రత 100 డిగ్రీల దగ్గరే ఆగుతుంది. 1912లో ఫ్రెంచి శాస్త్రవేత్త లూయీ కమీల్ మయార్ వివరించిన చర్య, అంటే ప్రోటీన్లూ చక్కెరలూ కలిసి ఎర్రబడి కమ్మని వాసననిచ్చే చర్య, జోరందుకోవాలంటే సుమారు 140 డిగ్రీలు కావాలి. అడుగు తడి ఆరి ఎర్రబడుతుండగా, లోపలి క్యాబేజీ తన ఆవిరిలోనే మగ్గుతుంది. ఒకే అట్టులో రెండు రకాల వంట! రెండు సెంటీమీటర్ల మందం, మధ్యస్థపు మంట, మూత, ఒక్కో వైపు ఐదారు నిమిషాలు. అట్లకాడతో మాత్రం అదమకండి. గాలి గదులు మూసుకుపోయి ముద్దవుతుంది.

హిరోషిమా వాళ్లు ఈ నీటి చిక్కును నాకు ఎంతో నచ్చిన పద్ధతిలో విప్పారు. అసలు కలపనే కలపరు. పలచని పిండి పొర మీద క్యాబేజీ గుట్టగా పోసి, మొలకలు, పంది మాంసం పేర్చి, మొత్తాన్ని తిరగేస్తారు. పైకి వచ్చిన పిండి పొర మూతలా ఆవిరిని ఆపుతుంది. తర్వాత నూడుల్స్, గుడ్డు చేరతాయి. 1945 అణుబాంబు దాడి తర్వాతి ఆకలి రోజుల్లో, అమెరికా నుంచి వచ్చిన గోధుమ పిండితో, వీధి బండ్ల మీద ఈ వంట ఊరంతా పాకింది.

బయటి నుంచి పోసే నీటికీ రుచి ఉండాలని పిండిని దాషీ అనే పలచని రసంతో కలుపుతారు. దానికి ఆధారం కొంబు అనే సముద్రపు నాచు. దాని నుంచే 1908లో జపాన్ రసాయన శాస్త్రవేత్త కికునాయె ఇకెదా గ్లూటమేట్ అనే పదార్థాన్ని వేరుచేశారు. ఉమామి అనే, మాంసపు రసంలాంటి కమ్మని రుచికి మూలం అదే. పొగబెట్టి ఎండబెట్టిన కట్సువో చేప తునకల్లోని ఇనోసినేట్ తోడైతే ఆ రుచి ఎన్నో రెట్లు పెరుగుతుంది. చేప తిననివారికి ఎండు షిటాకే పుట్టగొడుగులున్నాయి, వాటిలోని గ్వానిలేట్ కూడా ఇదే పని చేస్తుంది. కొంబు ముక్కతో పాటు వాటిని రాత్రంతా చల్లని నీటిలో నానబెట్టి, వేడి చేసి వడకట్టి, చల్లారాక పిండిలో పోయండి.